ఉన్నచోటే నిలబడండి

వేణుకు పాస్‌పోర్టు లేదు. విమానం ఎక్కిందీ లేదు. అయినా నాలుగేళ్ళుగా వారానికి ఐదు రోజులు యూరప్ వీధుల్లోనే తిరుగుతున్నాడు. కొత్తగూడ ఫ్లైఓవర్ పక్కన ఒక భవనం ఉంది. కింద చెప్పుల దుకాణం, మొదటి అంతస్తులో పళ్ళ డాక్టరు, ఆ పైన ఒక టూర్ల కంపెనీ. ఆ కంపెనీలో ఎవరికి పుట్టిందో గాని ఒక గొప్ప ఆలోచన పుట్టింది. మనవాళ్ళను యూరప్ తీసుకెళ్తే అక్కడి గైడు ఇంగ్లీషు సగం మందికి అర్థం కాదు. ఇక్కడి నుంచి తెలుగు గైడును పంపాలంటే వీసా, టిక్కెట్టు, గది, మూడు పూటలా తిండి. మనిషిని పంపడం దేనికి, గొంతును పంపితే చాలదా అనుకున్నారు. అలా వేణు గొంతు విదేశాలకు పోయింది, వేణు కొత్తగూడలో ఉండిపోయాడు.

పని ఇలా ఉంటుంది. టూరుకు వెళ్ళే ప్రతి మనిషికీ కంపెనీ ఒక చిన్న ఫోను, చెవిలో పెట్టుకునే ఇయర్‌ఫోను ఇస్తుంది. వాళ్ళూ దాంట్లో తిరిగి మాట్లాడొచ్చు, ప్రతి మాటా ఆఫీసులో రికార్డవుతుంది. వేణు ఒక గదిలో కూర్చుంటాడు. గది అనడం మర్యాద కోసం, గోడలకు స్పాంజి అంటించిన బీరువా అనుకుంటే సరిపోతుంది. ముందు రెండు స్క్రీన్లు. ఒకదాంట్లో ఆ ఊళ్ళ వీధుల ఫోటోలు. రెండోదాంట్లో మ్యాపు, దాని మీద ఫోనుకొక పచ్చ చుక్క. చుక్కలు ఎటు కదిలితే అటు వేణు మాట్లాడుతూ పోతాడు. "మీ ఎడమచేతి వైపు గడియారం బురుజు చూడండి" అంటే అక్కడ తలలన్నీ ఎడమకు తిరుగుతాయి. ఏ సందులో మెట్లు అరిగిపోయాయో, ఏ బాత్రూము తలుపుకు చిల్లర వేయాలో అతనికి కంఠతా వచ్చు. రాత్రి ఇంటికెళ్తే తల్లి నీలమ్మ కంచం ముందు పెట్టి రోజూ ఒకటే ప్రశ్న వేస్తుంది.

"ఇయ్యాల ఏ దేశం పోయొచ్చినవ్ బిడ్డా?"

ఈ ఉద్యోగం వచ్చింది కూడా గొంతు వల్లే. వేణు కొత్తగూడ పాత ఊరివాడు. ఈ అద్దాల భవనాలు లేని రోజుల్నుంచీ వినాయక నిమజ్జనం నాడు చెరువు కట్ట మీద, పోలీసుల పక్కన మైకు పట్టుకునేది అతనే. తప్పిపోయిన పిల్లల పేర్లు చదవడం అతని వంతు. ఇరవై ఏళ్ళు చదివాడు. పేరు పేరుకూ మధ్య ఒకే మాట చెప్పేవాడు: "తప్పిపోయినోళ్ళు ఉన్నచోటనే నిలబడాలె. ఎతికెటోళ్ళే తిరగాలె." ఆ మాట విని నిలబడ్డ పిల్లల్లో ఒక్కరు కూడా దొరక్కుండా పోలేదు. ఈ సంగతి ఇంటర్వ్యూలో చెప్పాడు, పెళ్ళిచూపుల్లో చెప్పాడు, పక్కన టీ తాగేవాళ్ళకు కూడా చెబుతాడు. చిన్న గర్వమే. దానివల్ల ఎవరికి నష్టం అనిపించేది వినేవాళ్ళకు.

ఆ మే నెల బృందం తెల్లాపూర్‌ది. ఒకే గేటెడ్ కమ్యూనిటీకి చెందిన పద్దెనిమిది మంది. వాళ్ళలో రామబ్రహ్మం, వీరలక్ష్మి అనే దంపతులున్నారు. ఆవిడ బ్యాంకులో పనిచేసి రిటైరైంది. ఆయన బాపట్ల వైపు కాలువల మీద గేజి చూసే ఉద్యోగం చేశాడు. గేజి అంటే నీళ్ళలో పాతిన కొలతల పలక. పొద్దునా సాయంత్రం దాని దగ్గరికి దిగి, నీళ్ళు ఎన్ని అడుగులున్నాయో చూసి, పై ఆఫీసరు ఏఈ గారికి ఫోన్లో చెప్పాలి. వరదల్లో అయితే గేజి దగ్గరే నిలబడి గంటగంటకూ చెప్పాలి, ఏఈ గారు పొమ్మనేదాకా కదలకూడదు. ముప్పై నాలుగేళ్ళు ఆయన చేసింది అదే. ఇప్పుడు ఆయనకు డెబ్బై మూడు.

టూరు మొదటి రోజే వీరలక్ష్మి వేణుకు విడిగా ఫోన్ చేసింది.

"వేణుగారూ, మీతో ఒక మాట చెప్పాలండి. మా వారికి జ్ఞాపకం సరిగ్గా ఉండట్లేదు. ఏడాది నుంచీ. ఫారంలో నేను రాయలేదు."

ఆ ఫారంలో మొదటి ప్రశ్నే అది. మతిమరుపు జబ్బు ఉన్నవాళ్ళను కంపెనీ తీసుకెళ్ళదు. దాచారని మధ్యలో తెలిస్తే మర్నాడే విమానం ఎక్కించి వెనక్కి పంపేస్తుంది. తెలిసీ చెప్పని గైడు కూడా అదే రోజు ఇంటికి పోతాడు.

"ఎందుకు దాచారమ్మా?"

"రాస్తే రానివ్వరు కదండీ. రిటైరయ్యాక యూరప్ చూపిస్తానని ఎప్పుడో మాటిచ్చారు. ఇప్పుడు ఆయనకేమీ గుర్తుండదు, నాకు తెలుసు. కానీ నాకు గుర్తుంటుంది కదండీ, ఆయనతో కలిసి వెళ్ళానని. ఇంకో సంగతండి. నా మాట ఒక్కటి వినరు. మీ గొంతు చెవిలో పడితే మాత్రం చెప్పింది చెప్పినట్టు చేస్తున్నారు. మిమ్మల్ని వాళ్ళ ఏఈ గారనుకుంటున్నారు."

వేణుకు జాలేసింది, నవ్వూ వచ్చింది. నిజం చెప్పాలంటే కాస్త పొంగిపోయాడు కూడా.

"మీరేం ఫికర్ చేయకండమ్మా," అన్నాడు. "నేను ఎవ్వరికీ చెప్పను. ఆయన చెవిలో నేనుంటా."

ఆరో రోజు 'ఒక్కరోజులో నాలుగు దేశాలు'. కంపెనీ ప్రకటనల్లో అన్నిటికన్నా పెద్ద అక్షరాలు దీనివే. మన దగ్గర మదీనాగూడ నుంచి హైటెక్ సిటీకి పోయి రావడానికే సగం ప్రాణం పోతుంది. అక్కడ పొద్దుటి టిఫిను ఆస్ట్రియాలో, పదకొండింటి కాఫీ జర్మనీలో, మధ్యాహ్నం పులిహోర పొట్లాలు విప్పేది లీష్టెన్‌స్టైన్ అనే చిన్న దేశంలో, సాయంత్రం టీ స్విట్జర్లాండులో. గేటు లేదు, తనిఖీ లేదు. రోడ్డు పక్కన ఒక బోర్డు వెనక్కి పోతే దేశం మారిపోయినట్టే. తెల్లాపూర్‌లో సొంత ఇంటికి పోవడానికి సెక్యూరిటీ వాళ్ళకు చెప్పుకునేన్ని సమాధానాలు కూడా చెప్పక్కర్లేదు.

జర్మనీలో ఆగిన ఊరు లిండావ్. పెద్ద సరస్సు ఒడ్డున రేవు, రేవు గోడ మీద కూర్చున్న రాతి సింహం. అందరూ సింహంతో ఫోటోలు దిగుతుంటే రామబ్రహ్మం చకచకా నీళ్ళ దగ్గరికి మెట్లు దిగాడు. వంగి గోడ వైపు చూసి లేచి నిలబడ్డాడు.

"ఏఈ గారూ, పదకొండడుగుల ఆరంగుళాలండి. నిన్నటి మీద మూడంగుళాలు పెరిగింది."

"రాసుకున్నాను సార్. పైకి రండి," అన్నాడు వేణు. ఆయన బుద్ధిగా పైకొచ్చాడు. బృందమంతా నవ్వింది. అక్కణ్నుంచి ఆయనకు కనబడిందల్లా గేజి అయిపోయింది. దీపస్తంభం గేజి, బస్టాపు బోర్డు గేజి, ఒక బేకరీ ముందు ధరల పలక కూడా గేజే. ప్రతిదాని దగ్గరా నిలబడి అడుగులూ అంగుళాలూ చెప్పాడు. వేణు అన్నీ రాసుకున్నానన్నాడు.

"నీళ్ళు కనబడితే దిగి చూడకుండా ఉండలేరండి," అంది వీరలక్ష్మి తన ఫోన్లో, నవ్వుతూనే. "మా పెళ్ళిరోజు కూడా మధ్యలో లేచి కాలువ దగ్గరికి వెళ్ళొచ్చారు."

వేణు కూడా నవ్వాడు. ఆ మాట ఆవిడ సరదాగా చెప్పింది, అతను సరదాగానే విన్నాడు.

బస్సు కొండల మధ్య నుంచి దక్షిణానికి పోయింది. పూత మీదున్న ఆపిల్ తోటలు, మెడలో గంటలు కట్టిన ఆవులు, కొండ కొసన ఇంకా కరగని మంచు, అన్నిటినీ వేణు చూసినట్టే చెప్పాడు. ఈ మంచు కరిగే రైన్ నదిలోకి చేరుతుంది, అందుకే మే నెలలో నది నిండుగా, చేయి పెట్టలేనంత చల్లగా ఉంటుంది అని కూడా చెప్పాడు. అది అతను రోజూ చెప్పే వాక్యమే.

ఆ రోజు ఆఖరి ముచ్చట వంతెన. లీష్టెన్‌స్టైన్‌లోని వడూజ్ ఊరి చివర రైన్ నది మీద పాతకాలపు చెక్క వంతెన ఉంది. పైన కప్పు, రెండు పక్కలా చెక్క గోడలు, పొడుగాటి వసారాలా ఉంటుంది. బండ్లు పోవు, మనుషులే నడవాలి. సరిగ్గా మధ్యలో సరిహద్దు గీత. ఇవతల ఒక దేశం, అవతల స్విట్జర్లాండు. బస్సు అందరినీ ఇవతల దింపేసి, చుట్టు తిరిగి అవతలి ఒడ్డున ఆగుతుంది. కాలినడకన దేశం దాటామని చెప్పుకోవడానికి ఇంతకన్నా మంచి చోటు లేదు.

దీంట్లో ఒక చిక్కుంది. కంపెనీ ఇచ్చిన సిమ్ము మూడు దేశాల్లో పనిచేస్తుంది. స్విట్జర్లాండుకు ఇంకో ప్యాకేజీ తీసుకోవాలి. అక్కడ ఉండేది గంటన్నరేగా, బస్సులో వైఫై ఉందిగా అని కంపెనీ తీసుకోలేదు. అందుకని గీత దాటగానే వేణు గొంతు ఆగిపోతుంది. అవతల బస్సెక్కాక మళ్ళీ వినబడుతుంది. నాలుగేళ్ళలో దీనివల్ల ఎవరికీ ఇబ్బంది రాలేదు.

బస్సు వంతెన దగ్గర ఆగినప్పుడు అక్కడ మూడు, కొత్తగూడలో ఆరున్నర.

"నా మోకాళ్ళు ఇక నడవనంటున్నాయండి," అంది వీరలక్ష్మి. "నేను బస్సులోనే ఉంటాను. ఆయన్ని కూడా ఉంచేస్తాను. కానీ నడుస్తానని గొడవ చేస్తున్నారు."

"నడవనియ్యండమ్మా. ఎంత దూరం, రెండు నిమిషాలు. నాకు వదిలేయండి."

ఆవిడ వదిలేసింది.

వేణు అందరికీ చెప్పాల్సింది చెప్పాడు. గీత దాటాక తన మాట వినబడదని, కంగారు పడొద్దని, నేరుగా నడిస్తే బస్సే కనబడుతుందని. తర్వాత అవినాష్‌కు విడిగా లైను కలిపాడు. అవినాష్ మంచివాడు, గచ్చిబౌలిలో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం, భార్య రసజ్ఞతో వచ్చాడు.

"అవినాష్ గారూ, రామబ్రహ్మం గారిని కొంచెం చూసుకుంటారా?"

"ష్యూర్ అండి. బాబాయ్ గారు మా ముందే ఉన్నారు."

ఎందుకు చూసుకోవాలో వేణు చెప్పలేదు. చెబితే రహస్యం బయటపడుతుంది. ఎందుకో తెలియని అవినాష్ గీత దగ్గర ఆగి, రెండు దేశాల్లో రెండు కాళ్ళు పెట్టి నిలబడ్డ రసజ్ఞను ఏడెనిమిది ఫోటోలు తీశాడు.

మ్యాపు మీద చుక్కలు ఒక్కొక్కటే బూడిద రంగుకు మారాయి. గీత దాటితే అలా మారతాయి. రామబ్రహ్మం చుక్క కూడా మారింది. వేణు అది కళ్ళారా చూసి, హెడ్‌ఫోన్ తీసి, టీకి పోయాడు.

ఆ తర్వాత ఏం జరిగిందో అందరికీ తెలిసింది చాలా ఆలస్యంగా. గీత దాటగానే రామబ్రహ్మం చెవిలో గొంతు ఆగిపోయింది. ఏఈ గారి లైను కట్టయింది. లైను కట్టయితే గేజి రీడరు ఏం చేస్తాడు, లైను ఉన్న చోటుకు తిరిగి వెళ్తాడు. ఆయన వెనక్కి తిరిగి, ఫోటోలు దిగేవాళ్ళ పక్క నుంచే నడిచి, వచ్చిన ఒడ్డుకే చేరాడు. అక్కడ గట్టు కింద నది.

వేణు తిరిగొచ్చేసరికి తొమ్మిది నిమిషాలైంది. బస్సు వైఫై మీద వీరలక్ష్మి లైనులో ఉంది.

"వేణుగారూ, అందరూ వచ్చేశారు. ఆయన రాలేదండి."

వేణు మ్యాపు చూశాడు. పదిహేడు చుక్కలు బస్సు దగ్గర, ఆవిడది కూడా వాటిలోనే. ఒక్క చుక్క మాత్రం మళ్ళీ పచ్చగా మారి వంతెన మీద, ఇవతలి కొసన ఉంది. అతను ఊపిరి పీల్చుకున్నాడు. చుక్క వంతెన మీద ఉందో, వంతెన కింద ఉందో మ్యాపుకు తెలియదు. ఆ సంగతి వేణుకు తట్టలేదు.

"దొరికారమ్మా. వంతెన మీదే ఉన్నారు. డ్రైవర్‌నీ అవినాష్ గారినీ పంపించండి," అని, రామబ్రహ్మానికి లైను కలిపాడు.

"సార్, వినబడుతుందా?"

"ఏఈ గారా!" ఆ గొంతులో సంతోషం చూడాలి. "ఏమైపోయారండీ? లైను కట్టయిపోయింది."

"వచ్చేశాను సార్. ఎక్కడున్నారు?"

"గేజి దగ్గరేనండి."

పొద్దుట్నుంచీ ఆయనకు ప్రతిదీ గేజే. వేణు ఇంకేమీ అడగలేదు. వెనకాల నీళ్ళ హోరు వినబడుతోంది. నది మీద వంతెన కదా, హోరు ఉండదా అనుకున్నాడు. ఇరవై ఏళ్ళ మైకు మాట నాలుక మీదికి దానంతటదే వచ్చింది.

"ఒక్క పని చేయండి సార్. ఉన్నచోటే నిలబడండి. మనవాళ్ళు మీ దగ్గరికి వస్తున్నారు."

"చిత్తమండి."

గోడ మీద కంపెనీ నియమాలు అంటించి ఉన్నాయి. మనిషి కనబడకపోతే ఐదు నిమిషాల్లో మేనేజరుకు చెప్పాలి, ఆ దేశపు పోలీసులకు ఫోన్ చేసేది మేనేజరే. మేనేజరు జ్యోత్స్న పది అడుగుల దూరంలో అద్దాల గదిలో కనబడుతూనే ఉంది. లేచి తలుపు కొడితే చాలు. కొడితే ఆమె మొట్టమొదట ఆయన ఫారం తెరుస్తుంది. పెద్దాయన ఎందుకు తప్పిపోయాడని అడుగుతుంది. వీరలక్ష్మికి ఇచ్చిన మాట, మర్నాటి విమానం, తన ఉద్యోగం, అన్నీ ఆ తలుపు వెనకే ఉన్నాయి. రెండు నిమిషాల్లో దొరికే మనిషి కోసం ఇంత రచ్చ దేనికి? వేణు లేవలేదు.

అవినాష్ గీత ఇవతలికి రాగానే అతని లైను కలిసింది.

"ఇక్కడెవరూ లేరండీ."

"ఉన్నారు, సరిగ్గా చూడండి. చివరిదాకా నడవండి."

"చివర్లోనే ఉన్నాం. లేరు."

"చుక్క వంతెన మీదే చూపిస్తోంది అవినాష్ గారూ. పక్కన బాత్రూములున్నాయి, పార్కింగు ఉంది, చూడండి." వేణు గొంతు ఏమాత్రం తొణకలేదు. ఆ గొంతును నమ్మి అవినాష్, డ్రైవరు రోడ్డు వైపు పరుగెత్తారు. నది వైపు ఎవరూ చూడలేదు. చూడమని ఎవరూ చెప్పలేదు.

వేణు మళ్ళీ పెద్దాయన లైనుకు వచ్చాడు.

"ఉన్నారా సార్?"

"ఉన్నానండి. చల్లగా ఉందండి, ఏఈ గారూ."

"గాలి కదా సార్. స్వెటరు గుండీలు పెట్టుకోండి."

"పెట్టుకున్నానండి." కాసేపు హోరు. "కాళ్ళండీ. కాళ్ళు చల్లబడిపోతున్నాయండి."

వేణు ఆ మాట విన్నాడు. చేతిలో పెన్ను ఆగిపోయింది. గాలికి మొహం చల్లబడుతుంది, చేతులు చల్లబడతాయి. బూట్లూ మేజోళ్ళూ వేసుకున్న మనిషికి ముందు కాళ్ళు ఎందుకు చల్లబడతాయి? లిండావ్‌లో చకచకా మెట్లు దిగిన పెద్దమనిషి, వీరలక్ష్మి నవ్వుతూ చెప్పిన మాట, తానే రోజూ చెప్పే మంచు నీళ్ళ వాక్యం, మూడూ కలిసి ఒక్క క్షణం కళ్ళ ముందు మెదిలాయి. అది నిజమైతే ఇప్పుడే లేచి ఆ తలుపు బద్దలు కొట్టాలి. అద్దాల వెనక జ్యోత్స్న ఎవరితోనో నవ్వుతూ మాట్లాడుతోంది. వేణు ఆ క్షణాన్ని పక్కకు నెట్టేశాడు. వయసైనవాళ్ళకు కాళ్ళు చల్లబడడం మామూలే అనుకున్నాడు. అనుకోవాలని అనుకున్నాడు.

"రెండు నిమిషాలు సార్. కదలకండి. ఇది ఆర్డరు అనుకోండి."

"చిత్తం."

రెండు నిమిషాలు కాదు, తొమ్మిదయ్యాయి. మధ్యలో వేణు ఆయన చేత మాట్లాడిస్తూనే ఉన్నాడు. కాలువ పేరేమిటని అడిగాడు, ఆయన చెప్పాడు. ఏ ఏడు వరద పెద్దదని అడిగాడు, ఆయన రెండు ఏళ్ళు చెప్పి, ఏది ముందో తేల్చుకోలేకపోయాడు. మాట ముద్దముద్దగా వస్తోంది. అవినాష్ బాత్రూముల నుంచి పార్కింగుకు, పార్కింగు నుంచి రోడ్డుకు తిరుగుతున్నాడు.

"ఏఈ గారూ, కాసేపు కూర్చోనా అండి? నిలబడలేకపోతున్నాను."

"అయ్యో, కూర్చోండి సార్. కూర్చోండి."

హోరు ఒక్కసారి చెవి పగిలేంత పెద్దదైంది. తర్వాత ఏమీ లేదు. మ్యాపు మీద పచ్చ చుక్క ఆరిపోయింది.

వేణు లేచి తలుపు కొట్టాడు.

గట్టు మీద కుక్కను తిప్పుకుంటున్న ఒకావిడ అప్పటికే పోలీసులకు ఫోన్ చేసింది. వంతెన కింద, గులకరాళ్ళ మధ్య మోకాలి లోతు నీళ్ళలో ఒక ముసలాయన చాలాసేపు కదలకుండా నిలబడి ఉండడం ఆవిడ దూరం నుంచి చూసిందట, చేపలు పట్టేవాడు అనుకుందట. పడిపోయాక పరుగెత్తింది. వంద గజాల దిగువన దొరికాడు. ఆస్పత్రికి తీసుకెళ్ళారు గాని అప్పటికే అయిపోయింది.

కంపెనీ విచారణ నాలుగు రోజుల్లో ముగిసింది. జబ్బు దాచింది కుటుంబం. ఫారం మీద సంతకం ఉంది. గైడు చివరిదాకా లైను వదల్లేదు, ధైర్యం చెబుతూనే ఉన్నాడు. జబ్బు సంగతి గైడుకు ముందే తెలుసని వీరలక్ష్మి ఎవరికీ చెప్పలేదు. తప్పంతా తన నెత్తినే వేసుకుని, పెట్టెలో భర్తను తెచ్చుకుంది. జ్యోత్స్న రికార్డింగు మొత్తం విన్నది. విన్నాక వేణు మొహం చూడకుండా మాట్లాడింది.

"నెల రోజులైతే ఎట్లాగూ డిలీట్ అయితది. నువ్వు పరేషాన్ గాకు వేణు. నీ పని నువ్వు చేసినవ్."

నెల గడవక ముందే వేణు దాన్ని తన ఫోన్లోకి ఎక్కించుకున్నాడు. ఎందుకో అడిగితే చెప్పలేకపోయేవాడు. ఒక్కసారి కూడా వినలేదు. రోజూ పనికి పోయాడు, రోజూ ఎవరినో ఒకరిని ఎడమకు తిరగమన్నాడు. ఇంట్లో నీలమ్మ ఏ దేశం పోయొచ్చినవని అడిగితే జవాబు చెప్పకుండా అన్నం కలుపుకునేవాడు. రెండు రోజులు చూసి ఆమె అడగడం మానేసింది.

జూలైలో ఒక మధ్యాహ్నం వీరలక్ష్మి ఆఫీసుకు వచ్చింది. ఆయన ఆఖరి మాటలు ఒక్కసారి వినాలని ఉందండి అని అడిగింది. రికార్డింగులు నెలకు చెరిగిపోతాయని జ్యోత్స్న చెప్పింది, నీళ్ళు తాగమంది, లిఫ్టు దాకా వచ్చి పంపింది. వేణు తన స్పాంజి గదిలోంచి అదంతా చూశాడు. ఆవిడ లిఫ్టు ఎక్కకుండా రెయిలింగు పట్టుకుని మెట్లు దిగడం మొదలుపెట్టింది, ఒక్కో మెట్టు మీద రెండు కాళ్ళూ ఆనించి. గొంతు విని ఇంకా పొడుగు మనిషి అనుకున్నాడు వేణు. చిన్న మనిషి, చేతిలో గుడ్డసంచి.

అతను వెనకే దిగి, పళ్ళ డాక్టరు ముందున్న బల్ల దగ్గర ఆవిడను అందుకున్నాడు.

"అమ్మా. నేను వేణును."

ఆవిడ అతని మొహం వైపు కాక నోటి వైపు చూసింది, గొంతును గుర్తుపట్టడానికన్నట్టు. తర్వాత రెండు చేతులతో అతని చేయి పట్టుకుంది.

"చివరిదాకా ఆయనతో మాట్లాడారంట కదా బాబూ. ఆయన ఒంటరిగా పోలేదు. నాకు అదొక్కటే..."

వేణుకు ఆ చేతుల్లోంచి తన చేయి లాక్కోవాలనిపించింది. ఇలాగే వదిలేయొచ్చు. ఆవిడ ఆ ఒక్క మాట పట్టుకుని బతుకుతుంది, తానూ బతుకుతాడు. లోపల డాక్టరు మిషను గుయ్యిమంటోంది. వేణు జేబులోంచి ఫోను తీశాడు.

"నా దగ్గర ఉందమ్మా," అన్నాడు.

ఇద్దరూ బల్ల మీద కూర్చున్నారు. ఆవిడ ఇయర్‌ఫోన్లు తనే పెట్టుకుంది, అలవాటైన చేతులతో. వేణు నొక్కాడు. ఆవిడ కళ్ళు మూసుకుంది. "ఏఈ గారా" అన్న చోట కాబోలు, పెదవుల మీద నవ్వు వచ్చింది. కొంగు నోటికి అడ్డం పెట్టుకుని వింటూ ఉంది. తర్వాత ఆ నవ్వు పోయింది. కళ్ళు తెరిచి, ఒక చెవిలోంచి ఇయర్‌ఫోను తీసింది. వేణు ఫోను ఆపాడు.

"కాళ్ళు చల్లబడుతున్నాయంటున్నారు," అంది. "మీకు వినబడలేదా బాబూ?"

రెండు నెలలుగా అతను ఎన్నో జవాబులు తయారుచేసుకున్నాడు. లైను సరిగ్గా లేదని, హోరులో తెలియలేదని. ఆ గొంతుతో చెబితే ఎవరైనా నమ్ముతారు.

"వినబడిందమ్మా," అన్నాడు. "అర్థం కూడా అయింది. మేడంకు చెప్తే నా నౌకరి పోతదని చెప్పలే."

మొదటిసారి ఆవిడతో ఇంట్లో మాట్లాడుకునే మాటలా వచ్చింది అది. ఆవిడ అతని చేయి వదిలేసింది. విసురుగా కాదు, కప్పు కింద పెట్టినట్టు నెమ్మదిగా. చాలాసేపు ఎదుటి గోడ మీదున్న పళ్ళ బొమ్మ వైపు చూస్తూ కూర్చుంది. ఒక పేషెంటు చెంప పట్టుకుని బయటికొచ్చి, వాళ్ళ మధ్య నుంచే మెట్లు దిగిపోయాడు.

"ఇంకా ఉందా?"

"ఉందమ్మా. తొమ్మిది నిమిషాలు."

ఆవిడ ఇయర్‌ఫోను మళ్ళీ చెవిలో పెట్టుకుంది.

"పెట్టండి," అంది.

ఆ తొమ్మిది నిమిషాల చివర ఆయన కూర్చోనా అని అడుగుతాడు. దానికి తానేం చెప్పాడో వేణుకు తెలుసు, ఆవిడకు తెలియదు. అతను ఫోను మీద వేలు పెట్టి నొక్కాడు.